ఏడేళ్ల మొక్క, ఒక్క గుటక: టెకీలా ఊళ్లో ఒక రోజు

మెక్సికోలోని హలిస్కో రాష్ట్ర రాజధాని గ్వాడలహారా. అక్కడి నుంచి వాయవ్యంగా అరవై కిలోమీటర్లు దాటి వెళ్తే టెకీలా అనే చిన్న ఊరు వస్తుంది. ప్రపంచమంతా చిన్న గ్లాసుల్లో పోసుకుని గుటుక్కున మింగేసే మందుకి ఈ ఊరి పేరే పెట్టారు. వారాంతాల్లో గ్వాడలహారా హోటళ్ల ముందు నుంచి వ్యాన్లు, బస్సులు అటే బయల్దేరతాయి. పొద్దున వెళ్లి నీలిరంగు పొలాలు చూసి, ఓ డిస్టిలరీలో తిరిగి, నాలుగైదు రకాలు రుచి చూసి, చీకటి పడేసరికి వచ్చేయొచ్చు. మెక్సికో అంటే కాన్‌కున్ బీచ్ మాత్రమే తెలిసిన మనవాళ్లకు ఇదొక మంచి మార్పు.

అయితే ఈ ట్రిప్‌తో ఒక తిరకాసు ఉంది. ఏ డిస్టిలరీకి వెళ్లినా చెప్పే కథ ఒకటే: తాతల నాటి పద్ధతి, చేత్తో నరికిన మొక్క, ఓపికగా చేసిన తయారీ. బయటికొచ్చి షాపులో చూస్తే మాత్రం రెండు సీసాల మధ్య ధర పది రెట్లు తేడా ఉంటుంది. రంగులు వేరు, పేర్లు వేరు. ఒకదాని మీద వంద శాతం అని ఉంటుంది, ఇంకోదాని మీద ఉండదు. ఈ తేడాలన్నీ చాలావరకు ఒకే కారణం నుంచి పుట్టాయి. మొక్క నెమ్మది, మార్కెట్‌కి తొందర. ఇది గుర్తుంచుకుంటే గైడ్ చెప్పేవాటిలో ఏది పట్టించుకోవాలో, ఏది విని వదిలేయాలో తేలిగ్గా తెలుస్తుంది.

ఏ బండి ఎక్కాలి

ట్రిప్పులు ముఖ్యంగా మూడు రకాలు. మొదటిది రైలు. హోసే క్వెర్వో ఎక్స్‌ప్రెస్ పేరుతో 2012 నుంచి నడుస్తోంది. గూడ్స్ బండ్లు తిరిగే పట్టాల మీదే నడుస్తుంది కాబట్టి మెల్లగా వెళ్తుంది. ఒకవైపు రైలు, రెండోవైపు బస్సు. దారిలోనే పోయడం మొదలుపెడతారు. కిటికీలోంచి పొలాలు బాగుంటాయి, ఆటపాటలు ఉంటాయి, ఫొటోలు బాగా వస్తాయి. కానీ రైలు, డిస్టిలరీ, గ్లాసులోది అన్నీ ఒకే కంపెనీవి. పోల్చి చూసే అవకాశం ఉండదు.

రెండోది పెద్ద బస్సు. ఇది రెండు మూడు చోట్ల ఆగుతుంది. అందులో ఒకటి తప్పకుండా కాంతారీతో దగ్గర. మట్టి ముంతలో నారింజ, నిమ్మ, గ్రేప్‌ఫ్రూట్ రసాలు, సోడా, ఉప్పు, ఐసు, పైనుంచి ధారాళంగా టెకీలా వేసి ఇస్తారు. సరదాగానే ఉంటుంది. ఎండలో అదొకటి తాగాక మాత్రం నాలుక మీద ఇంకే తేడా తెలియదు, కాబట్టి అది రోజు చివర్లో వచ్చే ట్రిప్ చూసుకోండి.

మూడోది ఎనిమిది, పదిమందితో వెళ్లే చిన్న వ్యాన్. ఇది కాస్త ఖరీదే, కానీ నేర్చుకోవడానికి వెళ్లేవాళ్లకి నేను చెప్పేది ఇదే. ఒక పెద్ద డిస్టిలరీ, ఒక చిన్న డిస్టిలరీ రెండూ చూపించే ట్రిప్ దొరికితే అంతకన్నా కావల్సింది లేదు. ఒకే రోజు రెండు పద్ధతులు పక్కపక్కన చూస్తే, పుస్తకం చదివితే రాని స్పష్టత వస్తుంది. బుక్ చేసే ముందు రెండే ప్రశ్నలు అడగండి: తయారీ జరుగుతున్న ఫ్యాక్టరీ లోపలికి తీసుకెళ్తారా, లేక షోరూంలోనే రుచి చూపిస్తారా? పొలంలో దిగనిస్తారా, లేక బస్సులోంచే చూపిస్తారా?

పొలంలో తెలిసేది

పొలం దగ్గర దిగగానే బూడిద కలిసిన నీలం రంగులో, కత్తుల్లాంటి ఆకులతో వరసలు కనిపిస్తాయి. వెనకాల 2,900 మీటర్లకు పైగా ఎత్తున్న టెకీలా అగ్నిపర్వతం. ఇప్పుడది చల్లారిపోయింది, కానీ ఈ నేల ఒకప్పటి లావాదే. ఈ పొలాలను, పాత ఫ్యాక్టరీలను కలిపి 2006లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది.

ఆ మొక్క అగావే. చాలామంది దీన్ని కాక్టస్ అనుకుంటారు, కానీ దానికీ దీనికీ చుట్టరికం లేదు. మన రాయలసీమ, తెలంగాణ చేల గట్ల మీద కంచెగా వేసే కిత్తనార ఈ కుటుంబానిదే. అగావేల్లో చాలా జాతులున్నాయి. టెకీలాకి మాత్రం చట్టం ఒప్పుకునేది ఒకే ఒక్క రకం, నీలి అగావే. దాన్ని వర్గీకరించిన ఫ్రెంచి శాస్త్రవేత్త వెబర్ పేరు దాని శాస్త్రీయ నామంలో ఉంటుంది.

ఇక్కడే కాలం సంగతి వస్తుంది. పిలక నాటిన దగ్గర్నుంచి కోతకి రావడానికి ఆరేడేళ్లు పడుతుంది. కొన్నిచోట్ల ఇంకా ఎక్కువ. కోసేవాళ్లని హిమడోర్లు అంటారు. పొడవాటి కర్రకి గుండ్రటి పదునైన రేకు బిగించిన పనిముట్టుతో ఆకులన్నీ చెక్కేసి, మధ్యలో ఉన్న బొడ్డెని బయటికి తీస్తారు. అనాసపండులా కనిపిస్తుంది కాబట్టి దాన్ని పీన్యా అంటారు. ముప్ఫై కిలోల నుంచి డెబ్భై కిలోల దాకా తూగుతుంది. మన గీత కార్మికుడు ఒకే తాటిచెట్టు ఎక్కి ఏళ్ల తరబడి కల్లు దించుతాడు, హిమడోర్ మాత్రం మొక్కని ఒక్కసారే చూస్తాడు. కోత అయితే ఆ మొక్క కథ అయిపోయినట్టే. మళ్లీ పిలక నాటి ఆరేడేళ్లు ఆగాలి.

రైతు ఇవాళ నాటేది ఏడేళ్ల తర్వాతి ధర చూసి. ఆ ధర ఎంతుంటుందో ఎవరికీ తెలియదు. ధర ఎక్కువున్నప్పుడు అందరూ నాటతారు, ఏడేళ్లకి అందరిదీ ఒకేసారి కోతకొస్తుంది, ధర కుప్పకూలుతుంది. అప్పుడు నాటడం మానేస్తారు, మళ్లీ కొరత వస్తుంది. 1990ల చివర్లో తెగుళ్లు కూడా తోడై పెద్ద కొరత వచ్చింది. ఈ మధ్య కథ కూడా అదే: 2021, 2022 ప్రాంతంలో కిలో అగావే 30 పెసోల దాకా పలికింది, 2024కల్లా పది పెసోల కిందకి పడిపోయింది. టమాటా, ఉల్లి రైతుల బాధ చూసినవాళ్లకి ఇది కొత్త కాదు. కాకపోతే టమాటా రైతు తప్పు దిద్దుకోవడానికి నాలుగు నెలలు చాలు, వీళ్లకి దశాబ్దం కావాలి.

గిరాకీ వైపు మాత్రం ఓపిక లేదు. 2022లో మెక్సికో 65 కోట్ల లీటర్ల టెకీలా తయారు చేసింది. ఎగుమతిలో సింహభాగం అమెరికాకే వెళ్తుంది. హాలీవుడ్ నటుడు జార్జ్ క్లూనీ స్నేహితులతో కలిసి పెట్టిన కాసమిగోస్ బ్రాండ్‌ని 2017లో డియాజియో కంపెనీ వంద కోట్ల డాలర్ల దాకా ఇచ్చే ఒప్పందంతో కొంది. ఆ తర్వాత టెకీలా బ్రాండ్ పెట్టని సెలబ్రిటీ లేడన్నంత పరిస్థితి వచ్చింది. ఇంత గిరాకీ ఒకేసారి వస్తే ఏడేళ్ల మొక్క ఎక్కడి నుంచి తెస్తారు? దానికి దొరికిన సమాధానాలే మీరు ఫ్యాక్టరీలో చూసే యంత్రాలు, సీసా మీద చదివే మాటలు.

పొలంలో గైడ్ సాధారణంగా చెప్పని విషయం ఇంకోటి ఉంది. నీలి అగావేని గింజతో పెంచరు, పిలకలతోనే పెంచుతారు. పూత వస్తే బొడ్డెలోని చక్కెరంతా దానికే పోతుందని కాడ పైకి లేవగానే నరికేస్తారు. దాంతో కోట్ల మొక్కలు ఒకదానికొకటి నకళ్లుగా మిగిలాయి, అందుకే ఒక తెగులు వస్తే అన్నిటికీ పాకుతుంది. పువ్వులు లేకపోతే వాటి తేనె తాగి పరాగసంపర్కం చేసే గబ్బిలాలకి తిండి ఉండదు. రోడ్రిగో మెడియిన్ అనే మెక్సికన్ పర్యావరణ శాస్త్రవేత్త దీని మీద చాలాకాలంగా పనిచేస్తున్నారు. పొలంలో ఐదు శాతం మొక్కల్ని పూయనిచ్చే తయారీదారులకి గబ్బిల స్నేహి అనే గుర్తింపు ఇప్పించే ప్రయత్నం ఆయనదే. మీ గైడ్‌ని దీని గురించి అడిగి చూడండి. జవాబు చెప్పగలిగితే మంచి గైడ్ దొరికినట్టే.

పొయ్యి దగ్గర ఆగండి

అగావే తన శక్తిని పిండిపదార్థంగా దాచుకోదు, ఫ్రక్టాన్లు అనే చక్కెర గొలుసులుగా దాచుకుంటుంది. పులియబెట్టే సూక్ష్మజీవి ఈస్ట్ వాటిని నేరుగా తినలేదు. వేడి తగిలితే అవి విడిపోయి తియ్యటి ఫ్రక్టోజ్ అవుతాయి. కాబట్టి టెకీలా తయారీలో అసలు మలుపు వంట దగ్గరే. రుచిలో తేడా కూడా అక్కడే మొదలవుతుంది.

పాత పద్ధతి హోర్నో. అంటే ఇటుకలతో కట్టిన గది లాంటి పొయ్యి. పీన్యాలను పగలగొట్టి లోపల పేర్చి, ఆవిరి పట్టి, ఒకటిన్నర నుంచి మూడు రోజుల దాకా ఉడికించి చల్లారనిస్తారు. టూర్‌లో ఉడికిన ముక్క చేతిలో పెడతారు. వద్దనకండి. ముదురు గోధుమ రంగులో, జిగటగా, పీచుగా ఉంటుంది. నమిలి రసం మింగి పీచు ఉమ్మేయాలి. ఆ వాసన, ఆ తీపి గుర్తుపెట్టుకోండి, సాయంత్రం గ్లాసులో వెతకాల్సింది దాన్నే.

రెండో పద్ధతి ఆటోక్లేవ్. ఇది పెద్ద స్టీలు ప్రెషర్ కుక్కర్. రోజులకి బదులు గంటల్లో పని అయిపోతుంది. జాగ్రత్తగా, తక్కువ ఒత్తిడిలో వండితే మంచి టెకీలానే వస్తుంది. పాతకాలపు పద్ధతి కాదు కదా అని చిన్నచూపు చూడక్కర్లేదు.

మూడోది డిఫ్యూజర్. ఈ యంత్రం దగ్గరికి టూరిస్టుల్ని తీసుకెళ్లడం అరుదు. పచ్చి అగావేని సన్నగా తురిమి, వేడి నీటితో కడిగి అందులోని ఫ్రక్టాన్లన్నీ దాదాపుగా లాగేస్తారు. వచ్చిన రసాన్ని తర్వాత ఉడికిస్తారు. కొన్నిచోట్ల యాసిడ్ కూడా వాడతారు. చుక్క వృథా పోదు, ఖర్చు తక్కువ, లేత మొక్క నుంచి కూడా చక్కెర వస్తుంది. అగావే కొరత ఉన్న ఏడాది కంపెనీకి ఇంతకన్నా ఏం కావాలి? కానీ మొక్క అసలు ఉడకలేదు కదా, రసం మాత్రమే ఉడికింది. ఆ ఉడికిన అగావే వాసన అందులో పలచబడిపోతుంది. ఇది చట్టవిరుద్ధం కాదు, సీసా మీద రాయాల్సిన పనీ లేదు. అందుకే నోరు తెరిచి అడగాలి.

ఉడికాక రసం తీయడానికి కూడా రెండు దారులు. చాలాచోట్ల రోలర్ మిల్లులు ఉంటాయి. కొన్ని చిన్న డిస్టిలరీల్లో ఇప్పటికీ తహోనా అనే భారీ రాతి చక్రం గుండ్రటి గోతిలో తిరుగుతూ ఉడికిన అగావేని నలగ్గొడుతుంది. ఒకప్పుడు కంచరగాడిదలు లాగేవి, ఇప్పుడు మోటార్లు. టెకీలా ఊళ్లోనే ఉన్న ఫోర్తాలెసా డిస్టిలరీ ఈ పద్ధతికి పేరుపడింది. ఇక్కడి పాత టెకీలా కుటుంబమైన సౌసా వంశంలో ఐదో తరం వాళ్లు తాతల పాత ఫ్యాక్టరీని మళ్లీ బాగుచేసి నడుపుతున్నారు. అక్కడ ఒక చిన్న గుహలో రుచి చూపిస్తారు.

పులియబెట్టడం, రెండుసార్లు కాచడం గురించి గైడ్ చెప్పేది సరిపోతుంది. ఒక్క సంగతి మాత్రం గమనించండి. కాచేటప్పుడు మొదట వచ్చేది, చివర వచ్చేది తీసేసి మధ్యభాగం ఉంచుకుంటారు. ఎక్కడ కత్తిరించాలనేది కాచే మనిషి ముక్కు, అనుభవం మీద నడుస్తుంది. ఆ మనిషి కనిపిస్తే నాలుగు మాటలు మాట్లాడండి. రాగి బట్టీల ముందు నిలబడి ఫొటో దిగడం కన్నా అదే ఉపయోగం.

కాచిన తర్వాత మిగిలే వేడి, పుల్లటి వ్యర్థజలం గురించి మాత్రం టూర్‌లో మాటుండదు. ఒక లీటరు టెకీలాకి దాదాపు పది లీటర్ల వ్యర్థం వస్తుంది. శుద్ధి చేయకుండా వదిలితే వాగులు పాడవుతాయి. ఈ ప్రాంతంలో అదో పాత గొడవ.

సీసా వెనక ఏముంది

టెకీలా అనే పేరు వాడుకునే హక్కుని 1974లో ఒక భౌగోళిక ప్రాంతానికి కట్టేశారు. హలిస్కో మొత్తం, మరో నాలుగు రాష్ట్రాల్లో కొన్ని భాగాలు. ఈ గీత బయట అదే మొక్కతో అదే పద్ధతిలో చేసినా దాన్ని టెకీలా అనకూడదు. నియమాలు పాటిస్తున్నారా లేదా చూడటానికి 1994లో టెకీలా నియంత్రణ మండలి ఏర్పడింది.

సీసా మీద మొదట చూడాల్సింది ‘100 శాతం అగావే’ అనే మాట. అది ఉంటే పులియబెట్టిన చక్కెరంతా అగావేదే. అది లేకుండా ఉత్త ‘టెకీలా’ అని ఉంటే, 51 శాతం చక్కెర అగావే నుంచి వస్తే చాలు, మిగిలిన 49 శాతం చెరుకు చక్కెరో, మొక్కజొన్న సిరప్పో కావచ్చు. దీన్ని మిక్స్తో అంటారు. ఈ సడలింపు ఎలా వచ్చిందో చూడండి: 1964లో బయటి చక్కెర 30 శాతం దాకా ఒప్పుకున్నారు, 1970లో అది 49కి పెరిగింది. మొక్క నెమ్మది, మార్కెట్‌కి తొందర అని మొదట అన్నది ఇక్కడ చట్టంగా మారింది. మిక్స్తోని ట్యాంకర్లలో ఎగుమతి చేసి బయటి దేశంలో సీసాల్లో నింపొచ్చు. వంద శాతం అగావే అయితే మెక్సికోలో ఆ ప్రాంతంలోనే నింపాలి. బార్‌లో చౌక షాట్ తాగి పొద్దున తలపోటుతో టెకీలాని తిట్టుకున్నవాళ్లలో చాలామంది తాగింది మిక్స్తోనే అయ్యుంటుంది. ఎంత తాగారన్నది కూడా లెక్కలోకి వస్తుందనుకోండి.

రెండోది, ఎన్, ఓ, ఎం అనే మూడు అక్షరాల పక్కన ఉండే నాలుగు అంకెలు. అది తయారీదారు నంబర్. క్వెర్వో కంపెనీది 1122, ఎర్రదూరా అనే ఇంకో కంపెనీది 1119. డిస్టిలరీల కన్నా బ్రాండ్లు చాలా రెట్లు ఎక్కువ. వేర్వేరు పేర్లు, వేర్వేరు కథలు, వేర్వేరు ధరలున్న నాలుగు సీసాలు తిప్పి చూస్తే ఒకే నంబర్ కనిపించడం మామూలే. ఒకే ఫ్యాక్టరీలో తయారైనా వంటకం వేరు కావచ్చు, కాబట్టి నంబర్ ఒక్కటైతే సరుకు ఒక్కటేనని అనుకోకూడదు. కానీ తన బ్రాండ్‌కి సొంత కుటుంబ డిస్టిలరీ ఉందని చెప్పేవాళ్ల కథ నిజమో కాదో తేల్చడానికి ఆ నంబర్ చాలు.

మూడోది కనిపించదు. చట్టం ప్రకారం సీసాలో బరువు లెక్కన ఒక శాతం దాకా రుచి, రంగు సర్దే పదార్థాలు కలపొచ్చు: కారమెల్ రంగు, ఓక్ సారం, గ్లిజరిన్, చక్కెర పాకం. ఒక శాతమే కదా అనిపిస్తుంది. గాఢమైన వెనిల్లా సారానికి అంత కూడా అక్కర్లేదు. రెండేళ్లు చెక్క పీపాలో ఉంచితే రావాల్సిన వాసన రెండు చుక్కల్లో వచ్చేస్తుంది. దీని మీద కొన్నేళ్లుగా పెద్ద వివాదం నడుస్తోంది. ఏమీ కలపని టెకీలాలకి కొందరు ప్రైవేటుగా గుర్తింపు ఇవ్వడం మొదలుపెడితే, అలాంటి గుర్తింపుకి చట్టబద్ధత లేదని మండలి అభ్యంతరం చెప్పింది. తాగేవాడి వైపు నుంచి చూస్తే నాకు తోచేది ఒకటే. కలపడానికి అనుమతి ఉన్నప్పుడు, కలిపినట్టు రాయమనడంలో తప్పేముంది?

ఇక రంగుల సంగతి. కాచిన వెంటనే, లేదా కొద్దిరోజుల్లో సీసాలో నింపేది బ్లాంకో. ఓక్ పీపాలో కనీసం రెండు నెలలు ఉంచితే రెపొసాదో. ఆరు వందల లీటర్లకి మించని పీపాలో కనీసం ఏడాది ఉంచితే అన్యేహో. మూడేళ్లు దాటితే ఎక్స్‌ట్రా అన్యేహో, ఈ తరగతి 2006లోనే వచ్చింది. పీపాలు ఎక్కువగా అమెరికా నుంచి వస్తాయి. అక్కడ బోర్బన్ అనే విస్కీకి ప్రతిసారీ కొత్త పీపానే వాడాలి, వాడేసినవి ఇలా అమ్ముడవుతాయి. బంగారు రంగు ఉంటే పాతదని అనుకోవద్దు. ‘గోల్డ్’ అనే చౌక రకాల్లో ఆ రంగు తరచుగా కారమెల్‌దే.

ఇప్పుడు క్రిస్టలీనో అనే రకానికి మంచి గిరాకీ. పీపాలో ఏళ్లు ఉంచి రంగు తెప్పించి, తర్వాత బొగ్గు గుండా వడకట్టి ఆ రంగు తీసేస్తారు. సీసా మెరిసిపోతుంది. పీపా ఇచ్చిన రుచిలో కొంత కూడా రంగుతో పాటే పోతుంది కదా, మరి దీనికి అంత డబ్బెందుకో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

గ్లాసు చేతికొచ్చాక

టేస్టింగ్‌లో సాధారణంగా బ్లాంకోతో మొదలుపెట్టి పీపాలో ఎక్కువకాలం ఉన్నవాటి వైపు వెళ్తారు. ఆ వరస సరైనదే. అసలు పరీక్ష బ్లాంకో దగ్గరే. పీపా లేదు కాబట్టి మొక్క ఎలాంటిదో, వంట ఎలా జరిగిందో దాచడానికి చోటుండదు. చాలా టూర్లలో బ్లాంకోని గబగబా పోసి అన్యేహో దగ్గర ఎక్కువసేపు మాట్లాడతారు, ఎందుకంటే ధర ఎక్కువున్నది అదే. మీరు బ్లాంకో దగ్గరే ఇంకో నిమిషం ఆగండి.

సన్నటి షాట్ గ్లాసు ఇస్తే, కాడ ఉన్న వెడల్పు గ్లాసు అడగండి. ముక్కు గ్లాసులో పెట్టి గట్టిగా పీల్చకండి, ఆల్కహాల్ ఘాటు తప్ప ఏమీ తెలియదు. నోరు కొంచెం తెరిచి, గ్లాసు కాస్త దూరంగా ఉంచి వాసన చూడాలి. మొదటి చుక్క నోరు అలవాటు పడటానికి, రెండో చుక్కతోనే రుచి తెలుస్తుంది. పొద్దున నమిలిన ఉడికిన అగావే వాసన వస్తోందా? మిరియాల ఘాటు, నిమ్మజాతి వాసన, పచ్చి ఆకు వాసన ఏవైనా ఉన్నాయా? పీపా మొహం చూడని బ్లాంకోలో కేకుల దుకాణంలో వచ్చే వెనిల్లా వాసన గుప్పుమంటే, నాలుకకి పాకంలా జిగురుగా తగిలితే, ఏదో కలిపారని అనుమానించొచ్చు.

టెకీలా ఊరి చుట్టూ ఉన్న లోయలో పెరిగిన అగావేతో చేసినది మట్టివాసనగా, కారంగా ఉంటుందని, తూర్పున లోస్ ఆల్తోస్ అనే ఎత్తైన ఎర్రనేలల అగావే తియ్యగా, పూలవాసనగా ఉంటుందని గైడ్ చెబుతాడు. అందులో కొంత నిజముంది. కానీ పొయ్యి, ఈస్ట్, పీపా తెచ్చే తేడాలు అంతకన్నా పెద్దవి. పైగా ఒక ప్రాంతపు డిస్టిలరీ ఇంకో ప్రాంతపు అగావే కొనడం మామూలే.

ఉప్పు, నిమ్మ చెక్క కూడా ఇస్తారు. మంచి టెకీలాకి అవి అక్కర్లేదు. చెడ్డదాన్ని మింగడానికి మాత్రం బాగా పనికొస్తాయి. హలిస్కోలో చాలామంది పక్కన సంగ్రీతా పెట్టుకుంటారు. నారింజ, నిమ్మ రసాల్లో మిరపకారం వేసిన మందులేని పానీయం అది. ఒక గుక్క ఇది, ఒక గుక్క అది. కారం అలవాటైన మన నాలుకకి ఇది ఇట్టే నచ్చుతుంది. సీసాలో పురుగు ఉంటుందా అని అడిగి గైడ్‌ని నవ్వించకండి. పురుగు వేసేది అగావేతోనే చేసే మెస్కాల్ అనే ఇంకో మందులో, అదీ కొన్ని రకాల్లో, టెకీలాలో కాదు.

పోసిందంతా తాగాల్సిన పనిలేదు. మిగిలింది పారబోయడానికి గిన్నె అడిగితే ఎవరూ ఏమీ అనుకోరు. ఆరు రకాల్లో ప్రతిదీ పూర్తిగా తాగితే నాలుగోదాని దగ్గరే నాలుక చేతులెత్తేస్తుంది. పొద్దున్నే కడుపునిండా తిని వెళ్లండి, టోపీ, నీళ్ల బాటిల్ దగ్గరుంచుకోండి. శాకాహారులు ఒకటి గుర్తుంచుకోవాలి: అక్కడ బీన్స్ ముద్దలో పంది కొవ్వు వేయడం మామూలు, అడిగి తినండి.

ఊళ్లో కథలు

మధ్యాహ్నం ఊళ్లో వదిలేస్తారు. చర్చి, చౌరస్తా, పీపా ఆకారంలో ఉన్న బస్సులు, జాతీయ టెకీలా మ్యూజియం. ఇక్కడ చరిత్ర పేరుతో వినిపించేవాటిని కాస్త జల్లెడ పట్టాలి. 1600లో అల్తమీరా ప్రభువు పేద్రో సాంచెస్ దే తాగ్లే మొదటి ఫ్యాక్టరీ పెట్టాడని చాలామంది చెబుతారు. ఆయన పుట్టిందే 17వ శతాబ్దం రెండో సగంలో. గట్టి ఆధారమున్న మాట ఏంటంటే, 1758లో స్పెయిన్ రాజు నుంచి క్వెర్వో కుటుంబానికి ఇక్కడ భూమి దక్కింది. 1785లో రాజు ఈ మందుని నిషేధించాడు, స్పెయిన్ నుంచి వచ్చే సరుకు అమ్ముడుపోవాలి కదా. 1795లో నిషేధం ఎత్తేసి క్వెర్వోలకి లైసెన్స్ ఇచ్చారు. మద్యనిషేధం పెట్టడం, ఖజానా కోసం ఎత్తేయడం చూసిన మనకి ఇందులో వింతేమీ లేదు. సెనోబియో సౌసా 1873లో తన డిస్టిలరీ మొదలుపెట్టాడు, నీలి అగావేనే మేలైనదని గుర్తించిన ఘనత ఆయనకి ఇస్తారు.

కాస్త టైముంటే లా కపీయా అనే చిన్న బార్‌కి వెళ్లండి. బతాంగా అనే పానీయం పుట్టింది అక్కడే: టెకీలా, నిమ్మరసం, కోకాకోలా, గ్లాసు అంచుకి ఉప్పు. కలిపేది చెంచాతో కాదు, వంటింటి కత్తితో. దాన్ని కనిపెట్టిన డాన్ హవియేర్ 2020లో చనిపోయారు.

చిత్తూరు అగావే

మన నేల మీద ఈ మొక్క ఎందుకు పనికిరాదు అనే ప్రశ్న ఎవరికైనా వస్తుంది. డెస్మండ్ నజరెత్‌కి వచ్చింది. దక్కన్ పీఠభూమి వాతావరణం మెక్సికో అగావే ప్రాంతాలకి దగ్గరగా ఉందని గమనించి, ఇక్కడ పెరిగే అగావేతో చిత్తూరు జిల్లాలో డిస్టిలరీ పెట్టి, 2011లో డెస్మండ్‌జీ పేరుతో మార్కెట్లోకి తెచ్చారు. అది టెకీలా కాదు, కాకూడదు కూడా. టెకీలాకి భారతదేశంలో కూడా భౌగోళిక గుర్తింపు నమోదై ఉంది. అందుకే సీసా మీద అగావే అని మాత్రమే ఉంటుంది. మొక్క జాతి వేరు, నేల వేరు, రుచీ వేరు. రెండూ ఒకే రోజు పక్కపక్కన పెట్టి తాగి చూస్తే ఎవరి పేరు ఎందుకు కాపాడుతున్నారో తెలుస్తుంది.

సీసా కొనేటప్పుడు

డిస్టిలరీ షాపులో చివరికి ఎవరైనా ఒకటో రెండో కొంటారు. విమానాశ్రయంలో, మన దగ్గర పెద్ద షాపుల్లో దొరికే బ్రాండే అక్కడ కొనడం దండగ. చిన్న డిస్టిలరీ బ్లాంకో కొనండి, బయట దొరకనిది అదే. ‘100 శాతం అగావే’ అని ఉందో లేదో, నాలుగంకెల నంబర్ మీరు పొద్దున చూసిన ఫ్యాక్టరీదేనా కాదా చూసుకోండి. రోడ్డు పక్క లేబుల్ లేని ప్లాస్టిక్ డబ్బాల్లో అమ్మేది ఎంత చవకైనా ముట్టుకోవద్దు. ఇండియాకి తెచ్చుకునేవాళ్లకి మనిషికి రెండు లీటర్ల దాకా కస్టమ్స్ సుంకం ఉండదు. హ్యాండ్ లగేజీలో సీసా ఒప్పుకోరు కాబట్టి చెక్-ఇన్ సూట్‌కేసులో బట్టల మధ్య చుట్టి పెట్టండి. కొన్ని సీసాలకి మట్టి మూతలు, చేత్తో ఊదిన గాజు ఉంటాయి. అందంగానే ఉంటాయి గానీ బ్యాగేజీ బెల్టు మీద అవే ముందు పగులుతాయి.